కళ్ళు తిరగడం అంటే ఏమిటి? నిలకడ వెనుక ఇంద్రియాల లెక్క

మైకం కమ్మినప్పుడు తెలుగులో 'కళ్ళు తిరుగుతున్నాయి' అంటాం, 'తల తిరుగుతోంది' అని కూడా అంటాం. ఈ రెండింటిలో మొదటి మాట శరీరశాస్త్రం దృష్టితో చూస్తే ఆశ్చర్యం కలిగించేంత కచ్చితమైనది. గిరగిరా తిరిగి హఠాత్తుగా ఆగిన మనిషి కళ్ళలోకి చూస్తే నల్లగుడ్లు ఒక పక్కకు మెల్లగా జారి, చటుక్కున వెనక్కి గెంతి, మళ్ళీ జారుతూ కనిపిస్తాయి. వైద్యులు దీన్ని నిస్టాగ్మస్ అంటారు. వర్టిగోతో, అంటే తానో పరిసరాలో తిరుగుతున్నట్టు అనిపించే బాధతో వచ్చిన రోగి చెప్పేదంతా విన్నాక వైద్యుడు శ్రద్ధగా గమనించేది ఈ కదలికనే. లోపం చాలాసార్లు చెవి లోపల ఉంటుంది, దాని జాడ కంటిలో కనిపిస్తుంది, బాధ మాత్రం కాళ్ళకింద నేల కదిలిపోతున్నట్టుగా అనుభవానికి వస్తుంది.

ఒకే సంఘటన ఇలా మూడు చోట్ల బయటపడటానికి కారణం ఉంది. నిలకడ అనేది ఏ ఒక్క అవయవమూ చేసే పని కాదు. 'చెవి వినడానికే కాక నిలకడకూ ఉపయోగపడుతుంది' అని పాఠ్యపుస్తకాల్లో చదువుకున్న వాక్యం తప్పు కాకపోయినా, అది సగం కథే. చెవి, కన్ను, కండరాలు, కీళ్ళు, అరికాలి చర్మం వేర్వేరుగా చెప్పే సాక్ష్యాలను మెదడు ఎప్పటికప్పుడు తూచి, 'నేను నిటారుగా ఉన్నాను, ఫలానా దిక్కుకు తిరిగి ఉన్నాను, కదులుతున్నది నేనే, గది కాదు' అని ఇచ్చే తీర్పునే మనం నిలకడ అంటున్నాం. ఈ సాక్షుల్లో ఏ ఒక్కరూ పూర్తిగా నమ్మదగినవారు కారు. ఒక్కొక్కరికీ కనిపించని మూల ఒకటి ఉంది. మామూలు రోజున ఆ మూలలు ఒకదాన్నొకటి కప్పిపుచ్చుకుంటాయి కనుక ఈ లెక్క నడుస్తున్నట్టే మనకు తెలియదు.

ముందుగా చెవి సంగతి చూద్దాం. అంతర చెవిలో, వినికిడికి సంబంధించిన నత్తగుల్ల ఆకారపు కాక్లియాను ఆనుకుని, ద్రవంతో నిండిన మూడు సన్నటి అర్ధవర్తుల కుల్యలు, అంటే అరవలయం ఆకారపు గొట్టాలు ఉంటాయి. ఇవి ఒక గది మూలలో రెండు గోడలూ నేలా కలిసినట్టుగా, దాదాపు ఒకదానికొకటి లంబంగా అమరి ఉంటాయి. అందువల్ల తల ఎటు తిరిగినా, తలూపినా, పక్కకు వంచినా కనీసం ఒక కుల్యలోనైనా దాని ప్రభావం పడుతుంది. తల తిరిగినప్పుడు కుల్య గోడ తలతోపాటే కదులుతుంది గాని లోపలి ద్రవం జడత్వం వల్ల కొంత వెనకబడుతుంది. కుల్య మొదట్లో ఉబ్బిన చోట అడ్డంగా ఉన్న జిగురు తెరను ఆ ద్రవం ఒకవైపు నెడుతుంది. తెరలో పాతుకుని ఉన్న రోమ కణాల కేశాలు వంగుతాయి, నాడికి సంకేతం అందుతుంది. ఫ్రెంచి శాస్త్రవేత్త ఫ్లోరెన్స్ 1820ల దశకంలో పావురాల చెవుల్లో ఈ కుల్యలను ఒక్కొక్కటిగా కోసి చూశాడు. పావురాల వినికిడి చెడలేదు గాని, ఏ కుల్యను కోస్తే ఆ కుల్య ఉన్న సమతలంలోనే వాటి తల ఊగిపోవడం మొదలుపెట్టింది. అయినా ఇది తిరుగుడును గ్రహించే అవయవమని శాస్త్రలోకం ఒప్పుకోవడానికి దాదాపు మరో 50 ఏళ్ళు పట్టింది. 1870లలో మాఖ్, బ్రాయర్, క్రమ్ బ్రౌన్ అనే ముగ్గురు శాస్త్రవేత్తలు విడివిడిగా పనిచేసి దాదాపు ఒకే నిర్ణయానికి వచ్చారు.

ఈ అమరికలో అంతగా ప్రచారానికి నోచుకోని విశేషం ఒకటుంది. తల కదలకుండా ఉన్నప్పుడు కూడా ఈ నాడులు మౌనంగా ఉండవు. కోతుల్లో చేసిన కొలతల ప్రకారం ఒక్కో నాడీతంతువు విశ్రాంతిలోనే సెకనుకు సుమారు 90 సంకేతాలు పంపుతూ ఉంటుంది. తల కుడివైపు తిరిగితే కుడి చెవి నుంచి వచ్చే సంకేతాలు పెరుగుతాయి, ఎడమ చెవివి తగ్గుతాయి. మెదడు చదివేది ఈ తేడాను. త్రాసులో రెండు పళ్ళాల్లోనూ ఎప్పుడూ కొంత బరువు ఉంచి, ముల్లు ఎటు మొగ్గుతుందో చూడటం లాంటి ఏర్పాటు ఇది. ఇక జబ్బు వచ్చినప్పుడు జరిగేది దీన్నిబట్టే అర్థమవుతుంది. వైరస్ వల్లనో మరో కారణంగానో ఎడమ చెవి నాడి ఉన్నట్టుండి పనిచేయడం మానేస్తే, కుడివైపు సంకేతాలు మామూలుగానే వస్తున్నా పోలికలో అవి ఎక్కువగా కనబడతాయి. మంచం మీద కదలకుండా పడుకున్న మనిషికి తాను ఆగకుండా కుడివైపు తిరిగిపోతున్నట్టు అనిపిస్తుంది. వాంతులవుతాయి, కళ్ళు నిజంగానే తిరుగుతాయి. కొన్నాళ్ళకు, చెవి కోలుకోకపోయినా, మెదడు త్రాసును కొత్తగా సరిదిద్దుకోవడం వల్ల ఆ తిరుగుడు తగ్గిపోతుంది.

కళ్ళకూ ఈ కుల్యలకూ ఉన్న బంధాన్ని తెలుసుకోవడానికి పరికరాలేవీ అక్కర్లేదు. ఈ పేజీని కదలకుండా పట్టుకుని తలను వేగంగా అటూ ఇటూ ఊపుతూ చదివితే అక్షరాలు స్పష్టంగానే కనిపిస్తాయి. తలను కదలకుండా ఉంచి అదే వేగంతో పేజీని ఊపితే అక్షరాలు అలుక్కుపోతాయి. రెటీనా మీద జరిగే కదలిక రెండు సందర్భాల్లోనూ ఒకేలా ఉండాలి కదా అనిపిస్తుంది. తేడా ఎక్కడుందంటే, మొదటి సందర్భంలో చెవి నుంచి వచ్చిన సంకేతం చూపుతో సంప్రదించకుండానే కంటి కండరాలకు చేరి, తల కుడివైపు పోతే కంటిని అంతే మేరకు ఎడమవైపు తిప్పుతుంది. మెదడుకాండంలో రెండు మూడు నాడీకణాల మీదుగా సాగే ఈ ప్రతీకార చర్యకు 10 మిల్లీసెకన్ల లోపే పడుతుంది. రెండో సందర్భంలో కన్ను తానే చూసి, జారుతున్న బొమ్మను గుర్తించి, వెంబడించాలి. దానికి సుమారు 100 మిల్లీసెకన్లు పడుతుంది, ఈలోగా అక్షరం పారిపోతుంది.

ఆ ప్రతీకార చర్య లేకపోతే ఎలా ఉంటుందో ఒక అమెరికన్ వైద్యుడు 1952లో ఒక వైద్యపత్రికలో స్వయంగా రాశాడు. స్ట్రెప్టోమైసిన్ వాడకం వల్ల ఆయన రెండు చెవుల్లోనూ ఈ వ్యవస్థ దెబ్బతింది. నడుస్తుంటే వీధి అంతా ఎగిరెగిరి పడేది, ఎదురుగా వచ్చేవారి ముఖాలు గుర్తుపట్టాలంటే ఆగవలసి వచ్చేది. మంచం మీద పడుకుని పుస్తకం చదవాలన్నా, గుండె కొట్టుకునే ప్రతిసారీ తల అతి స్వల్పంగా కదలడం వల్ల అక్షరాలు అదిరేవి, అందుకని తలను మంచం తలాపు కమ్మీలకు ఆనించి బిగించుకునేవాడు. నాడి కొట్టుకున్నంత మాత్రాన మన తలా కదులుతూనే ఉంటుంది. ఆ కదలికను ఎవరో క్షణక్షణమూ దిద్దుతున్నారు కాబట్టి మనకు తెలియదు.

నిస్టాగ్మస్ కూడా ఈ దిద్దుబాటే, కాకపోతే తప్పు సమాచారం మీద జరిగే దిద్దుబాటు. కుడివైపు కొంతసేపు తిరిగి ఆగినప్పుడు కుల్యలోని ద్రవం వెంటనే ఆగదు. అది తెరను ఎదురు దిశలో నెడుతుంది. మనం ఎడమవైపు తిరుగుతున్నామని చెవి చెబుతుంది, దాన్ని నమ్మిన కళ్ళు కుడివైపు జారుతాయి, చివరిదాకా పోయి తిరిగి ఎడమకు గెంతుతాయి. వియన్నాలో చెవి వైద్యుడిగా ఉన్న రాబర్ట్ బారనీ, రోగుల చెవులను నీళ్ళతో కడుగుతున్నప్పుడు ఇదే కదలికను గమనించాడు. నీళ్ళు చల్లగా ఉంటే కళ్ళు ఒకవైపు, వెచ్చగా ఉంటే రెండోవైపు కొట్టుకుంటున్నాయి. వేడెక్కిన ద్రవం పైకి లేవడం, చల్లబడింది కిందికి దిగడం వల్ల కుల్యలో ప్రవాహం పుడుతోందని ఆయన వివరించాడు. తల కదపకుండానే ఒక్కో చెవిని విడిగా పరీక్షించే మార్గం అలా దొరికింది, అది ఈనాటికీ వాడుకలో ఉంది. 1914 సంవత్సరపు నోబెల్ బహుమతి తనకు వచ్చిందన్న వార్త అందేనాటికి బారనీ రష్యాలో యుద్ధఖైదీగా ఉన్నాడు. ఆయన వివరణ పూర్తి కాదని 1983లో తేలింది. బరువులేని స్థితిలో, అంటే వేడి ద్రవం పైకి లేవడానికి 'పైన' అనేదే లేని చోట, స్పేస్‌ల్యాబ్ అనే అంతరిక్ష ప్రయోగశాలలో వ్యోమగాముల మీద ఇదే పరీక్ష చేస్తే కళ్ళు కదిలాయి. ఉష్ణోగ్రత వల్ల మరేదో కూడా జరుగుతోందన్నమాట. సిద్ధాంతం సవరణకు గురైనా పరీక్ష నిలిచింది.

కుల్యలకున్న పెద్ద లోపం ఏమిటంటే అవి కదలికలోని మార్పును మాత్రమే గుర్తిస్తాయి. ఒకే వేగంతో తిరుగుతూ ఉంటే ద్రవం కుల్యగోడ వేగాన్ని అందుకుంటుంది, వంగిన తెర నిలబడుతుంది, సుమారు 20 సెకన్లలో తిరుగుతున్నామన్న భావనే మాయమవుతుంది. మద్యం తాగి పడుకుంటే మంచం తిరిగినట్టు అనిపించడం కూడా ఈ తెర చలవే. రక్తంలోని ఆల్కహాల్ ద్రవంలోకి చేరేకన్నా ముందే తెరలోకి చేరి దాన్ని తేలిక చేస్తుంది, అప్పటిదాకా గురుత్వాకర్షణతో సంబంధం లేని తెర నీటిలో బెండులా తేలి వంగుతుంది.

గురుత్వాకర్షణను పట్టుకోవడానికి చెవిలో వేరే ఏర్పాటు ఉంది. యుట్రికిల్, సాక్యూల్ అనే రెండు చిన్న సంచుల్లో రోమ కణాల మీద జిగురు పొర, ఆ పొర మీద కాల్షియం కార్బొనేట్ స్ఫటికాలు పరచుకుని ఉంటాయి. తల వంచితే ఈ బరువైన పొర కిందికి జారి కేశాలను వంచుతుంది. ఈ స్ఫటికాలు కొన్నిసార్లు, ముఖ్యంగా వయసు పైబడినవారిలో, ఊడి వచ్చి కుల్యలోకి పడతాయి. పక్క మీద దొర్లినా, పైనున్న వస్తువు కోసం తల ఎత్తినా కొన్ని సెకన్లపాటు ప్రపంచం తిరిగిపోయే జబ్బుకు కారణం అదే. అన్ని రకాల వర్టిగోల్లోనూ సాధారణమైనది ఇదే. దీనికి మందుకన్నా తలను ఒక క్రమంలో తిప్పి, ఆ రేణువులు దొర్లి మళ్ళీ సంచిలో పడేలా చేసే ఎప్లీ పద్ధతి బాగా పనిచేస్తుంది. గోలీలాటను తలపించే ఈ చికిత్సను తొలిరోజుల్లో చాలామంది వైద్యులు నమ్మలేదంటే వారిని తప్పుపట్టలేం.

స్ఫటికాల పొరకు ఒక చిక్కు ఉంది, అది ఏ చికిత్సతోనూ పోయేది కాదు. తల వెనక్కి వంచినా పొర వెనక్కి జారుతుంది, తల నిటారుగా ఉండగా శరీరం వేగంగా ముందుకు దూసుకుపోయినా పొర వెనకబడి అలాగే జారుతుంది. గురుత్వాకర్షణనూ త్వరణాన్నీ లోపలి కొలతతో వేరుచేయడం సాధ్యం కాదని 1907లో ఐన్‌స్టీన్ గుర్తించాడు, ఆ సూత్రం చెవికీ వర్తిస్తుంది. బయట కనిపిస్తున్నంతసేపు కన్ను ఈ సందేహాన్ని తీరుస్తుంది. చీకట్లోనో మబ్బులోనో విమానం వేగం పుంజుకుంటున్నప్పుడు మాత్రం పైలట్‌కు విమానం ముక్కు పైకి లేచిపోతున్నట్టు బలంగా అనిపిస్తుంది. దాన్ని నమ్మి ముక్కును కిందికి దించితే నేలను తాకుతాడు.

మలుపుల్లో ప్రమాదం ఇంతకన్నా మెత్తగా వస్తుంది. విమానం ఒక పక్కకు వాలి ఒకే తీరులో మలుపు తిరుగుతూ ఉంటే కొద్దిసేపటికి కుల్యలు మూగబోతాయి. గురుత్వాకర్షణా మలుపు బలమూ కలిసి సీటులోకి సూటిగా అదుముతాయి కనుక స్ఫటికాలు 'నిటారుగానే ఉన్నావు' అంటాయి. అప్పుడు రెక్కలను సరిచేస్తే, నిజంగా సరైన స్థితికి వచ్చినా, ఎదురువైపుకు వాలిపోయినట్టు అనిపిస్తుంది. అమెరికాలోని ఇల్లినాయి విశ్వవిద్యాలయంలో 1954లో, పరికరాలను చూసి నడపడంలో శిక్షణ లేని 20 మంది పైలట్లకు బయటి దృశ్యం కనిపించకుండా చేసి విమానం నడపమంటే అందరూ అదుపు కోల్పోయారు. అందుకు పట్టిన సగటు సమయం 178 సెకన్లు. అనుభవం ఉన్నంత మాత్రాన దీని నుంచి రక్షణ లేదు. 1978 జనవరి 1న రాత్రి బొంబాయి నుంచి దుబాయ్‌కి బయలుదేరిన ఎయిర్ ఇండియా బోయింగ్ 747 సముద్రం మీదికి చేరాక, కెప్టెన్ ముందున్న సూచిక చెడి విమానం కుడివైపు వాలినట్టే చూపిస్తూ ఉండిపోయింది. చీకటి సముద్రం మీద దిగంతరేఖ లేదు. లేని వాలును సరిచేయడానికి ఆయన విమానాన్ని ఎడమకు తిప్పుతూ పోయాడు. విమానంలో ఉన్న 213 మందీ చనిపోయారు. సూచిక అబద్ధం చెబుతున్నప్పుడు కెప్టెన్ శరీరం దాన్ని ఖండించలేకపోయింది. ఖండించగల శక్తి ఆ పరిస్థితిలో శరీరానికి లేదు.

కన్నే ఆఖరి మాట చెప్పేదైతే దాని లోపమేమిటన్న ప్రశ్న వస్తుంది. ఆగి ఉన్న రైల్లో కూర్చున్నప్పుడు పక్క పట్టాల మీది రైలు కదిలితే మన రైలే బయలుదేరిందనిపించడం అందరికీ తెలిసిన అనుభవమే. కంటి ముందు దృశ్యంలో చాలా భాగం ఒకే దిశలో జరిగిపోతుంటే మెదడు దాన్ని మన కదలికగానే తీసుకుంటుంది. కొండలూ ఇళ్ళూ చెట్లూ కలిసికట్టుగా నడిచే అవకాశం ప్రకృతిలో లేదు కనుక అది తెలివైన ఊహే. ఎదురుగా సూటిగా చూసే భాగం కన్నా కంటిచివరి చూపే ఈ పనిలో ప్రధానం. ఎడింబరోలో డేవిడ్ లీ, ఎరిక్ ఆరన్‌సన్ 1974లో ప్రచురించిన ప్రయోగంలో నేల కదలకుండా గోడలూ కప్పూ మాత్రమే జరిగే ఒక గదిని కట్టారు. అప్పుడప్పుడే నిలబడటం నేర్చుకున్న పసివాళ్ళను అందులో నిలబెట్టి గోడను వారివైపు జరిపితే, తాము ముందుకు పడిపోతున్నామనుకుని వెనక్కి వాలి చతికిలబడ్డారు. పిల్లల చెవులూ పాదాలూ నిజమే చెబుతున్నాయి, కాని నిలబడటం నేర్చుకునే దశలో వాళ్ళు కంటినే ఎక్కువగా నమ్ముతున్నారు. పెద్దవాళ్ళు పడరు, కాస్త ఊగుతారు.

మూడో సాక్షి పాదాల నుంచి మెడ దాకా విస్తరించి ఉంది. కండరాల సాగుదలను, స్నాయువుల బిగువును, కీళ్ళ వంపును, అరికాలి మీద పడే ఒత్తిడిని కొలిచే గ్రాహకాలు ఇచ్చే ఈ జ్ఞానానికి బ్రిటిష్ శరీరశాస్త్రవేత్త షెరింగ్టన్ 1906లో ప్రొప్రియోసెప్షన్ అని పేరు పెట్టాడు. పేరు కొత్తదైనా అది పోతే ఏమవుతుందో వైద్యులకు అంతకు ముందే తెలుసు. జర్మన్ వైద్యుడు రోంబెర్గ్ 1840లలో వర్ణించిన రోగులు వెన్నుపాము వ్యాధి వల్ల కాళ్ళ నుంచి వచ్చే సమాచారాన్ని కోల్పోయినవారు. కళ్ళు తెరిచి ఉన్నంతసేపు నిలబడేవారు, కళ్ళు మూసుకుంటే తూలి పడేవారు. ముఖం కడుక్కోవడానికి కళ్ళు మూసుకున్న క్షణమే వారికి గండం. పాదాలు దగ్గరగా పెట్టి కళ్ళు మూసుకుని నిలబడమని వైద్యులు ఇప్పటికీ అడిగే పరీక్షకు ఆయన పేరే ఉంది. బ్రిటన్‌లో 1971లో 19 ఏళ్ళ యువకుడొకడు ఒక జ్వరం తరువాత మెడ నుంచి కింది భాగమంతటా స్పర్శనూ దేహస్థితి జ్ఞానాన్నీ కోల్పోయాడు. కండరాల్లో బలం పోలేదు, కాని తన చెయ్యి ఎక్కడుందో చూస్తే తప్ప తెలియదు. ప్రతి అడుగునూ కంటితో చూసి, ఆలోచించి వేయడం నేర్చుకుని అతను మళ్ళీ నడిచాడు. గదిలో దీపం ఆరితే మాత్రం కుప్పకూలేవాడు.

ఈ వరుసలో మెడను ప్రత్యేకంగా చెప్పుకోవాలి, ఎందుకంటే అది లేకపోతే చెవి చెప్పేది సగానికి సగం వృథా. చెవికి తెలిసేది తల ఎటు వంగిందన్నదే. మొత్తం శరీరం ఒరిగిందా, శరీరం నిటారుగా ఉండి తల మాత్రమే వంగిందా అన్నది దానికి తెలియదు. మొదటిది పడిపోవడం, రెండోది కిందికి చూడటం. మెడ కండరాల సమాచారాన్ని కలిపితేనే ఈ రెండూ వేరుపడతాయి.

స్పర్శ ఎంత స్వల్పమైనా ఎంత పనిచేస్తుందో 1990లలో జేకా, లాక్నర్ అనే పరిశోధకులు చూపించారు. కళ్ళు మూసుకుని నిలబడిన మనిషి ఒక్క వేలికొనను స్థిరమైన వస్తువుకు తాకిస్తే, ఆసరాగా ఏమాత్రం పనికిరానంత తేలిగ్గా, 100 గ్రాముల బరువుకన్నా తక్కువ ఒత్తిడితో తాకినా, శరీరం ఊగడం గణనీయంగా తగ్గుతుంది. చీకట్లో గోడను వేళ్ళతో రాస్తూ నడిచేవారికి గోడ ఇచ్చేది బలం అనుకుంటాం. నిజానికి అది ఇచ్చేది సమాచారం.

సాక్షుల మాటలను మెదడు ఎలా తూస్తుందన్నదే ఈ విషయంలో నాకు అన్నిటికన్నా ఆసక్తికరంగా తోచే భాగం. వెలుతురున్న చోట, గట్టి నేల మీద కదలకుండా నిలబడిన ఆరోగ్యవంతుడు సుమారుగా 70 శాతం పాదాల, కండరాల సమాచారం మీద, 20 శాతం చెవి మీద, 10 శాతం చూపు మీద ఆధారపడతాడని పరిశోధకుల అంచనా. ఈ నిష్పత్తి స్థిరం కాదు. అదే మనిషిని మెత్తటి స్పాంజి పరుపు మీద నిలబెడితే పాదాల సాక్ష్యం నమ్మదగనిదవుతుంది, వెంటనే చెవికీ కంటికీ ప్రాధాన్యం పెరుగుతుంది. వయసు పెరిగేకొద్దీ అన్ని గ్రాహకాలూ కొంత మందగించడంతోపాటు, ఒకరి బదులు ఇంకొకరిని నమ్మే ఈ మార్పిడి కూడా నెమ్మదిస్తుంది. వెలుతురున్న గదిలో చక్కగా నడిచే వృద్ధులు మసక వెలుతురులో, మెత్తటి తివాచీ మీద, తల పక్కకు తిప్పిన క్షణంలో ఎందుకు పడతారో దీన్నిబట్టి తెలుస్తుంది. ఏదో ఒక ఇంద్రియం చెడటం కన్నా, ఒకేసారి రెండింటి మాట చెల్లకుండా పోవడమే అక్కడ జరిగేది.

మెదడు దగ్గర బయటి సాక్షులు కాక తన సొంత పుస్తకం కూడా ఉంటుంది. కండరాలకు ఆజ్ఞ పంపేటప్పుడే దాని నకలును తన దగ్గర ఉంచుకుని, ఆ ఆజ్ఞ వల్ల రావలసిన అనుభూతిని ముందే లెక్కగట్టి, వచ్చినదాంట్లోంచి తీసివేస్తుంది. ఒక కన్ను మూసుకుని, రెండో కంటి రెప్ప మీద వేలితో సుతారంగా నొక్కితే ప్రపంచం జరిగినట్టు కనిపిస్తుంది. అదే కన్ను తానుగా అటూ ఇటూ తిరిగినప్పుడు బొమ్మ రెటీనా మీద అంతకన్నా ఎక్కువే జరిగినా ప్రపంచం కదలదు. వేలితో నొక్కినప్పుడు కంటి కండరాలకు ఆజ్ఞ వెళ్ళలేదు, కాబట్టి తీసివేయడానికి నకలు లేదు. కోతుల మెదడుకాండంలోనూ ఇటువంటిదే కనబడింది. జంతువు తానుగా తల తిప్పినప్పుడు కొన్ని వెస్టిబ్యులర్ (చెవిలోని నిలకడ వ్యవస్థకు చెందిన) నాడీకణాలు దాదాపు స్పందించవు, ఎవరైనా దాని తలను తిప్పితే గట్టిగా స్పందిస్తాయి. కారు నడిపేవాడికి రాని వికారం పక్కన కూర్చున్నవాడికి రావడంలో ఈ ముందస్తు లెక్కకు భాగముంది. మలుపు రాబోతోందని నడిపేవాడి చేతులకు ముందే తెలుసు.

సాక్ష్యాలు ఎంతకీ పొసగనప్పుడు వచ్చేదే ప్రయాణంలో వికారం. ఓడ గదిలో కూర్చుంటే గోడలు కదలడం లేదని కన్ను, ఊగుతున్నామని చెవి చెబుతాయి. వీఆర్ (వర్చువల్ రియాలిటీ) కళ్ళద్దాల్లో దీనికి సరిగ్గా తలకిందులుగా ఉంటుంది, కన్ను పరిగెడుతుంటే చెవి కుర్చీలో కూర్చుని ఉంటుంది. ఈ కలహంలో చెవి తప్పనిసరి పక్షం. అమెరికన్ మనస్తత్వవేత్త విలియం జేమ్స్ 1882లో 519 మంది బధిరులను గిరగిరా తిప్పి చూస్తే వారిలో 186 మందికి తల తిరగనే లేదు, మరో 134 మందికి చాలా కొద్దిగా తిరిగింది. వినికిడిని పోగొట్టిన జబ్బే పక్కనున్న కుల్యలనూ పాడుచేసి ఉంటుందని ఆయన సరిగానే ఊహించాడు. 1950ల చివర్లో అమెరికా నౌకాదళం, తరువాత నాసా ఇటువంటి 11 మందిని బధిరుల కోసం నడిచే గాలొడెట్ కళాశాల నుంచి ఎంపిక చేసి ఎన్నో పరీక్షలు పెట్టాయి. నోవా స్కోషియా తీరంలో తుఫానులో ఓడ మీద వారు హాయిగా పేకాడుకుంటుంటే, వారిని పరీక్షించవలసిన శాస్త్రవేత్తలు వాంతులతో మంచాన పడ్డారు. అంతరిక్షంలో ఈ వికారాన్ని మొట్టమొదట చవిచూసినవాడు 1961 ఆగస్టులో ఒక రోజుకు పైగా కక్ష్యలో గడిపిన సోవియట్ వ్యోమగామి గెర్మన్ టిటోవ్. బరువులేని చోట స్ఫటికాల పొర దేనికీ ఒరగదు, 'కింద' అన్న మాటకు ఆధారమే పోతుంది. కొద్ది రోజుల్లో చాలామంది వ్యోమగాములు చెవి మాటను పక్కనపెట్టి కంటిని నమ్మడం నేర్చుకుంటారు, అందుకే భూమికి తిరిగి వచ్చిన తొలి గంటల్లో మూల మలుపు తిరగడానికి కూడా తడబడతారు.

ఇంతవరకు చెప్పింది నిటారుగా ఉండటం గురించి. ఎక్కడున్నాం, ఎటు చూస్తున్నాం అన్న స్థలజ్ఞానం కూడా ఇదే సాక్ష్యాల మీద కట్టిన పై అంతస్తు. ఎలుక ఒక నిర్దిష్టమైన చోటికి వచ్చినప్పుడే ఉత్తేజితమయ్యే కణాలను మెదడులో జ్ఞాపకానికి కీలకమైన హిప్పోకాంపస్ అనే భాగంలో జాన్ ఓకీఫ్ 1971లో కనుగొన్నాడు. నేలంతా త్రిభుజాల వల పరిచినట్టుగా క్రమమైన దూరాల్లో స్పందించే గ్రిడ్ కణాలను 2005లో మోసర్ దంపతులు చూపారు. ముగ్గురికీ కలిపి 2014లో నోబెల్ బహుమతి వచ్చింది. వీటి మధ్య, తల ఫలానా దిక్కుకు తిరిగినప్పుడు మాత్రమే పలికే దిక్సూచి కణాలు ఉన్నాయి. ఎలుక అంతర చెవిని పనిచేయకుండా చేస్తే, కళ్ళు బాగానే ఉన్నా, ఈ కణాల దిక్సూచి గుణం చెరిగిపోతుంది. రెండు చెవుల్లోనూ వెస్టిబ్యులర్ శక్తిని పూర్తిగా కోల్పోయిన కొందరు రోగుల్లో హిప్పోకాంపస్ పరిమాణం తగ్గి ఉండటం, దారులు గుర్తుపెట్టుకోవడంలో వారు ఇబ్బంది పడటం కూడా నమోదయ్యాయి.

స్థలజ్ఞానంలో వినికిడి పాత్రను మనం తక్కువగా లెక్కిస్తాం. శబ్దం ఒక చెవిని తాకాక రెండో చెవిని చేరడానికి పట్టే సమయం అత్యధికంగా సెకనులో వెయ్యో వంతుకన్నా తక్కువే అయినా, ఎడమ కుడి తేల్చడానికి మెదడుకు అది చాలు. చూపు లేనివారు ఎదురుగా ఉన్న గోడను తాకకముందే ఎలా పసిగడతారన్న ప్రశ్నకు చాలాకాలం పాటు 'ముఖచర్మంతో' అన్నదే జవాబు. అలా పసిగట్టేవారిలో చాలామంది కూడా అలాగే చెప్పేవారు, ముఖం మీద ఏదో నీడ పడినట్టు తెలుస్తుందని. కార్నెల్ విశ్వవిద్యాలయంలో 1944లో ప్రచురితమైన ప్రయోగాల్లో వారి ముఖాన్ని దట్టంగా కప్పి నడిపిస్తే గోడను గుర్తించగలిగారు, ముఖాన్ని వదిలేసి చెవులు మూస్తే ప్రతిసారీ గోడకు గుద్దుకున్నారు. తమ అడుగుల చప్పుడు గోడను తాకి తిరిగి వస్తుంటే వారు వింటున్నారు, ఆ వినికిడి వారికి చర్మం మీద స్పర్శలా అనుభవమవుతోంది. సమాచారం ఏ ద్వారం గుండా వచ్చిందో ఆ మనిషికే తెలియకపోవచ్చునన్నమాట.

దారి తప్పినవారు తిరిగి తిరిగి మొదటి చోటికే వస్తారన్న పాత నమ్మకాన్ని జర్మనీలోని ట్యూబింగెన్ మాక్స్ ప్లాంక్ సంస్థ పరిశోధకులు 2009లో పరీక్షకు పెట్టారు. కొందరిని జర్మనీలోని ఒక దట్టమైన అడవిలో, మరికొందరిని ట్యునీషియా వైపు సహారాలో వదిలి, జీపీఎస్ కట్టి, తిన్నగా నడవమన్నారు. అడవిలో ఎండ కనబడిన రోజున నడిచినవారు గంటల తరబడి దాదాపు సూటిగా పోయారు. మబ్బు పట్టిన రోజున నడిచినవారందరూ వలయాలు తిరిగారు, తాము దాటిన బాటనే తిరిగి దాటుతున్నా గమనించలేదు. కళ్ళకు గంతలు కట్టినప్పుడైతే కొన్ని వలయాల వ్యాసం 20 మీటర్లకన్నా తక్కువ. ఒక కాలు రెండో దానికన్నా పొడుగు కావడం వల్ల ఇలా జరుగుతుందన్న వాదన నిలవలేదు, ఎందుకంటే ఒకే మనిషి ఒకసారి కుడికీ మరోసారి ఎడమకూ తిరిగాడు. చెవి, కండరాలు, పాదాలు ఇచ్చే లెక్కలో అడుగడుగునా చేరే చిన్న తప్పులు కూడుకుంటూ పోయి, 'సూటిగా' అన్న దిశే మెల్లగా పక్కకు జరిగిపోతుందన్నది ఆ పరిశోధకుల వివరణ. సహారాలో ఒకరు రాత్రిపూట వెన్నెల్లో నడిచారు. చంద్రుడు కనబడినంతసేపు దారి తిన్నగానే సాగింది. చంద్రుడు మబ్బుచాటుకు వెళ్ళాక ఆ నడక పలుమార్లు మలుపు తిరిగి, బయలుదేరిన వైపుకే మళ్ళింది.